బతికున్న పెద్దనాయినకు ఏడ్సిన కథ

గా రోజులల్ల టీవీ సీరియల్ల ఒక మనిషి పానం పోవాల్నంటే తక్కువల తక్కువ మూడు వారాలు పట్టేది. సోమారం నాడు దగ్గు మొదలైతే, శుక్రారం నాటికి డాక్టరు కండ్లద్దాలు తీసి తల అడ్డంగ ఊపేటోడు. దాని మీది వారమంత ఇంట్లోళ్ళ మొకాలు ఒక్కొక్కటి మూడు మూడు సార్లు సూపెట్టేటోళ్ళు. ఆఖరుకు మూడో వారం బేస్తారం నాడు చెయ్యి మంచం మీదికెళ్ళి కిందికి జారేది. గిదంత నాకెట్ల తెలుసంటే, నేను గా సావులల్లనే పెరిగి పెద్దదాన్నయిన. తెర మీద తల్లినైన, సవతి తల్లినైన, అత్తనైన, నర్సునైన, జడ్జినైన, ఒకసారి కరెంటు బిల్లు ఇచ్చేటామెను గూడ అయిన. ఎన్నిసార్లు బొట్టు తుడుసుకున్ననో నాకే యాదిలేదు (మా ఇంటాయన మాత్రం యాదివెట్టుకుంటడు, ప్రతిసారి ఒకరోజు అలుగుతడు). మా బహదూర్‌పల్లి కాలనీల వాచ్‌మన్ పెండ్లాం నన్ను సూస్తే ఇప్పటికీ పక్కకు జరుగుతది. "అమ్మా, నిన్న కోడలి పాలల్ల ఏం కలిపినవమ్మా? పాపం తగుల్తది" అని మొకం మీదనే అంటది. నేను కలపలే తల్లీ, డైరెక్టరు కలపమన్నడు అంటే నమ్మదు. గింత పేరున్న నటిని (నవ్వితే నవ్వుండ్రి, నేనేమనుకోను) నేను మొదలువెట్టింది ఎక్కడనో తెలుసా? ఒక శవం కాడ, ఆఖరి వరుసల, కొంగు మొకానికి అడ్డం పెట్టుకొని.

మాది రావల్కోల్. నాయిన ఎవుసం జేస్తుండె. అదే వాకిలికి అటు దిక్కు పెద్దనాయిన ఉంటుండె, నడుమల అవ్వ, ఇద్దరు కొడుకులకు సమానంగ తిట్లు పంచుకుంట. ఇంటర్ తప్పినంక నాయిన నన్ను మేడ్చల్ల కుట్టుమిషిని నేర్సుకొమ్మని తోలిండు. పదిహేను రోజులు బుద్ధిగ పోయిన. పదహారో రోజు సూది ఏలుకు దిగింది, అంతే, ఇగ ఆ ఇద్యకు నాకు సెల్లిపోయింది. అదే బస్టాండు కాడ ఒకాయన పొద్దుగాల ఆడోళ్ళను వ్యాన్ల ఎక్కిచ్చుకొని శామీర్‌పేట దిక్కు ఫాంహౌసులకు, షూటింగులకు తీస్కపోతుండె. ఎప్పుడు సూడు నెత్తి మీద టోపీ ఉంటుండె గనుక మేము టోపీ సారు అంటుంటిమి (టోపీ ఎందుకో ఒక గాలిదుమారం నాడు అందరికీ తెలిసిపోయింది పాపం). నేను గూడ ఎక్కిన. ఇంట్ల జెప్పింది కుట్టుమిషిని, ఎక్కింది షూటింగు వ్యాను. మూడు నెలలల్ల పెండ్లిల అచ్చింతలు ఏసిన, బస్సు కోసం నిలవడ్డ, దవాఖాన బెంచీ మీద కూసున్న, గని నోరు తెరిసే మోక ఒక్కటి రాలే. నాకు ఒక్కటంటే ఒక్క మాట కావాలె. ఒక్క మాట నా నోట్లకెళ్ళి టీవీల వస్తె, గప్పుడు దర్జాగ ఇంట్ల జెప్పి నాయినను ఒప్పిద్దామని నా లెక్క. గాలోపు దొరికిన్ననుకో, నాయిన గడప దాటనియ్యడు, నా యాక్టింగు వాకిలి ఊడ్సుకుంట అయిపోతది.

అవ్వ ఒకనాడు పిలిసింది. "ఏందే, మూన్నెల్ల సంది నేరుస్తున్నవ్, నాకొక రైక కుట్టి తేరాదు?" అన్నది. నా పై పానం పైన్నే పోయింది. తెల్లారి మేడ్చల్ల ఒక దర్జీ కాళ్ళు పట్టుకున్నంత పనిజేసి రైక కుట్టిచ్చుకొచ్చిన. అవ్వ దాన్ని అటు తిప్పింది, ఇటు తిప్పింది, సంక కాడి కుట్టు దగ్గరికి పెట్టుకొని సూసింది. "మంచిగ కుట్టినవ్ బిడ్డా. నీ చెయ్యి గింత సాపుగ ఎప్పుడైందే?" అని పెట్టెల దాసుకున్నది. హమ్మయ్య, గండం గడిసిందనుకున్న.

అవ్వ గురించి ఒక సంగతి జెప్పాలె. మా దిక్కు సావు కాడ ఊకెనే కండ్లల్ల నీళ్ళు పెట్టుకుంటే దాన్ని ఏడ్సుడు అనరు. వరుస పెట్టి, రాగం తీసి, పోయినోళ్ళ గుణాలు జెప్పుకుంట ఏడ్వాలె. గట్ల ఏడ్సుట్ల మా అవ్వను మించినామె సుట్టుపక్కల లేకుండె. ఎవలింట్ల పానం పోయినా, అవ్వ అడుగు వెట్టిందాక ఏడ్పు జోరందుకోకపోతుండె. చిన్నప్పుడు నన్ను ఎంట తీస్కపోతుండె, నేను పక్కన కూసోని కొంగు పట్టుకుంటుంటి. తొవ్వల నడుసుకుంట జెప్పేది: "మొదలు పిలువాలె బిడ్డా, వరుస పెట్టి. నడుమ పొగడాలె. ఆఖరుకు తిట్టాలె, నన్ను ఇడిసిపెట్టి పోతావని. తిట్టకుంటే గది ఏడ్పే కాదు. ఇంకోటి, ఉన్నదే జెప్పాలె. లేనిది జెప్తే సచ్చినోళ్ళు నవ్వుతరు." నేను గివన్ని చెవిన ఏసుకుంటున్న అని నాకే తెల్వదు.

ఇగ అసలు రోజు. లాల్‌గడి మలక్‌పేట్ పక్క పొంటి ఒక ఫాంహౌసు, సుట్టు వరి మళ్ళు, నాట్ల కాలం. సీరియల్ల ఇంటి పెద్దాయన పోయిండు. ఆ ఏషం ఏసినాయన మంచి సీనియరు, పండవెడితే నిజంగనే గురక పెట్టేటోడు, మేమాయనను శవం సారు అంటుంటిమి. హీరోయిన్ కండ్లల్ల గ్లిజరిన్ పోసుకొని కూసున్నది, మేము ఆరుగురం ఎనుక కొంగులడ్డం పెట్టుకొని భుజాలు ఊపుతున్నం. టోపీ సారు మాకు జెప్పింది గంతే, భుజాలు ఊపాలె, చప్పుడు జెయ్యద్దు. డైరెక్టరు కండ్లద్దాల సారు, గోదావరి దిక్కు మనిషి, సూసి సూసి నెత్తి పట్టుకున్నడు. "ఏవండీ, ఇది చావింటిలా ఉందా? బ్యాంకు లైనులా ఉంది! మీలో ఎవరికైనా సరిగ్గా ఏడవడం వచ్చా?" అన్నడు. నా చెయ్యి దానంతట అదే లేసింది. టోపీ సారు ఎనుకకెళ్ళి నా కొంగు గుంజుతున్నడు, అయినా దించలే. "ఇతను నీ పెదనాన్న అనుకో అమ్మాయ్. నీ ఇష్టమొచ్చినట్టు ఏడువు" అన్నడు సారు. ఒక్క మాట అడిగితే బస్తెడు మాటలు దొరికినయ్ నాకు!

గని ఏమని ఏడ్వాలె? ఆ శవం సారు గురించి నాకు తెల్సింది ఆయన గురక ఒక్కటే. ఉన్నదే జెప్పాలె అన్నది గదా అవ్వ. నాకు ఉన్న పెద్దనాయిన ఒక్కడే, పొద్దుగాలనే మోపెడు మీద బర్రెను బేరం జేసొస్తనని శామీర్‌పేట దిక్కే పోయిండు. కెమెరా స్టార్టన్నరో లేదో, నేను వరుసందుకున్న. "ఓ పెద్దనాయినా... ఎర్ర తువ్వాల నెత్తికి సుట్టి, మోపెడు మీద నన్ను ముందట నిలవెట్టి, మేడ్చల్ అంగడంత తిప్పితివి పెద్దనాయినా... జామపండ్లు తెస్తె పెద్దపండు నాకు దాసిపెడితివి పెద్దనాయినా... నువ్వు ఉట్టిగ గూడ తిట్టకపోతివి, ఇగ నాయిన కొట్టవస్తె ఎవలెన్క దాగాలె పెద్దనాయినా... చెప్పకుంట పోతివి, నీకేం తొందరొచ్చె పెద్దనాయినా, నీ మోపెడు ఇరగ, నువ్వు మంచిగ పోతివా పెద్దనాయినా..." ఏమో, రొమ్ము కొట్టుకుంట ఏడుస్తుంటే నాకే నమ్మకమొచ్చింది. గ్లిజరిన్ బొట్టు లేకుంట కండ్లు కారవట్టినయ్. హీరోయిన్ నన్ను పట్టుకొని నిజంగ ఏడ్సింది.

మా దిక్కు ఏడ్పు ఇనవడితే ఇనవడనట్టు పోవుడు ఉండదు. సుట్టు మళ్ళల్ల నాట్లేస్తున్న ఆడోళ్ళు నారుకట్టలు ఏడివాడ పారేసి, బురద కాళ్ళతోని గేటు తోసుకొని ఉరికొచ్చిన్రు. ఒక్కలు గాదు ఇద్దరు గాదు, పాతిక మంది. వచ్చుడు వచ్చుడే నన్ను పట్టుకొని ఏడ్సుడు మొదలువెట్టిన్రు. టోపీ సారు అడ్డం పోబోతే కండ్లద్దాల సారు "ఆపకు, ఆపకు, రన్నింగ్!" అని గుసగుసగ ఒర్రుతున్నడు. గా గుంపుల మా ఊరి ఆడిబిడ్డ ఒకామె ఉండె, లాల్‌గడి మలక్‌పేటకే ఇచ్చిన్రు. ఆమె నా మొకం సూసింది, ఎర్ర తువ్వాల ఇన్నది, మోపెడు ఇన్నది, ఇగ శవం మొకం గూడ సూడలే, ఎన్కకు మర్రి ఎస్టీడీ డబ్బాకు ఉరికింది. మా ఊర్ల కిరాణ దుకాణపోళ్ళకు ఫోను గొట్టి "ఫలానాయన పోయిండు, పిల్ల ఒక్కతే శవం మీద పడి ఏడుస్తాంది" అని జెప్పింది. నాకు గిదేం తెల్వదు, నా ఏడ్పుల నేనున్న.

ఇటు మిగిలినోళ్ళు పెద్దరికం ఎత్తుకున్నరు. "దీపమేదీ? తల్కాయ కాడ దీపం పెట్టలేదేంది? తలెటు పెట్టిన్రు, మీ పాడుగాను!" అని ఒకామె తిడుతుంటే నలుగురు కూడి శవం సారును మంచంతోని సహా దక్షిణం దిక్కు తిప్పిన్రు. ఆయన కండ్లు తెరువలే, పాపం, షాటు పాడైతదని. కాలి బొటనేళ్ళు కట్టిన్రు, అయినా ఓర్సుకున్నడు. గని ఇంకొకామె రెండు బిందెల సల్లటి నీళ్ళు తెచ్చి "జల్దీ తానం పోద్దాం, అంగీ ఇప్పుండ్రి" అనంగనే, ఆ పెద్దమనిషి కట్టిన కాళ్ళతోనే ఎగిరి కూసున్నడు. ఆడోళ్ళు ఒర్రిన ఒర్రుడుకు మళ్ళల్ల కొంగలు లేసినయ్. షూటింగని తెల్సినంక సెప్పద్దు, బతికున్నోనికి ఏడిపిస్తరా అని కండ్లద్దాల సారును గోడకు జేర్సి తిట్టిన్రు. తిట్టి తిట్టి వాళ్ళకొక ధర్మసందేహం వచ్చింది. సావింటికి వచ్చి ఏడ్సినంక తానం జెయ్యంది మడిల కాలు వెట్టద్దు. మరి ఇది సావిల్లేనా కాదా? పది మంది జెయ్యాలన్నరు, పది మంది వద్దన్నరు. తేలేదాక కూసోండ్రని సారు అందరికీ చాయ్ పోయించిండు, వాళ్ళు కూసున్నరు, ఆయనకు కావల్సింది గూడ గదే, మల్ల షాటుకు గుంపు ఉట్టిగ దొరికింది.

పగటి బువ్వలైనంక మల్ల షాటు. ఇగ తానాలు పోస్తరనే బుగులుకు శవం సారు మొకం మీదికెళ్ళి తెల్లబట్ట కప్పిచ్చుకున్నడు. నేను అట్ల వరుస అందుకున్ననో లేదో, గేటు కాడ ట్రాక్టరు ఆగింది. తలెత్తి సూస్తె ట్రాలీల మా వాడంత ఉన్నది. మా అమ్మ, పెద్దమ్మ, అరటాకుల పూలదండ పట్టుకున్న కిరాణ దుకాణమాయన, అందరికంటె ముందు నాయిన. కొంగు మొకం మీదికి గుంజుకొని తల దించుకున్న. నాయిన నన్ను దాటుకొని పోయి శవం కాళ్ళ మీద పడ్డడు. "అన్నా! నేను పాపిష్టోన్నే అన్నా! గా బోరు కాడి గట్టు రెండడుగులు నీ దిక్కు జరిపింది నేనే అన్నా! వానకు కొట్టుకపోయిందని నీతోని అబద్ధమాడితి, మొన్న నీతోనే లడాయి పెట్టుకుంటి, నువ్వు ఒక్క మాట అనకపోతివి అన్నా..." అని తల కొట్టుకున్నడు. పెద్దమ్మ ఏడ్సేదల్లా ఆపి "ఆఁ?" అన్నది. కెమెరా తిరుగుతనే ఉన్నది.

గప్పుడే మోపెడు చప్పుడు. ఎర్ర తువ్వాల నెత్తికి సుట్టుకొని పెద్దనాయిన గుంపును తోసుకుంట వస్తుండు. బేరం కుదరక ఇంటికి మర్రొస్తె ఊర్ల పురుగు లేదంట, అవ్వ ఒక్కతే అరుగు మీద బియ్యం ఏరుకుంట కూసున్నదంట. ఎవడో నా పేరు మీద సచ్చిండట, వాన్ని సూసొద్దామని వచ్చిన అన్నడు తర్వాత. గని అక్కడికొచ్చి ఆయన అడిగిన మొదటి మాట గది గాదు.

"అంటే గట్టు జరిపింది నువ్వేనారా?"

నాయిన తలెత్తి అన్నను సూసిండు, తలదించి శవాన్ని సూసిండు. గప్పుడే తెల్లబట్ట కిందికెళ్ళి శవం లేసి కూసోని "బాబూ, ఆ గట్టు సంగతేదో బయట తేల్చుకోండి, నా నడుం విరిగిపోతోంది" అన్నది. పూలదండ ఎటో పోయింది, దుకాణమాయన ఎటో పోయిండు. అమ్మ పడిపోతే నాట్ల ఆడోళ్ళు, అప్పటికి అలవాటైనోళ్ళు, "ఏం గాదక్కా, ఈయన గట్లనే లేస్తుంటడు" అని ధైర్యం జెప్పిన్రు. కండ్లద్దాల సారు చేతులు జోడిచ్చుకుంట వచ్చి "నాన్నగారూ, అద్భుతం! ఆ గట్టు డైలాగు ఇంకోసారి చెప్తారా? సౌండు సరిగ్గా అందలేదు" అన్నడు. నాయిన ఆయనను ఇనలే. నా దిక్కు మర్రి, సన్నగ, "నువ్వు కుట్టుమిషిని కాడ ఉండాలె గదా?" అన్నడు. నా కత అయిపోయింది అనుకున్న.

ట్రాక్టరు మీద అందరు మొకాలు మాడ్చుకొని కూసున్నరు. పక్కకెళ్ళి మోపెడు మీద పెద్దనాయిన మాత్రం నన్ను సూసి నవ్వుకుంట వస్తుండు. ఇంటికి రాంగనే అవ్వ చాట పక్కకు పెట్టి "వచ్చిన్రా? సచ్చినోడేడి?" అన్నది. పెద్దకొడుకు పోయిండని జెప్తే ఆమె ఏడ్వకపోయేసరికి అందరు అవ్వకు మతి తప్పిందనుకున్నరట. "నీకెట్ల తెల్సే?" అని నాయిన అడిగితే, పెట్టెలకెళ్ళి రైక తెచ్చి ఆయన ముందట పడేసింది. "గీ కుట్టు మొగోని చెయ్యి. పోరి కుట్టుమిషిని కాడికి పోతలేదని నాకు గప్పుడే ఎరుక. తలకు జడ తీరు తీరు అల్లుకొని పోతుంటే ఏడికి పోతదిరా, నాట్లకా? నాటకాలకే అనుకున్న. పోరి శవం మీద పడి ఏడుస్తాంది అనంగనే గది గూడ నాటకమే అని తెల్సింది." నాయిన లేసిండు. "రేపటి సంది ఇది గడప దాటితే సూడు. మానం పోయింది నాకు" అన్నడు. నేను గోడకు ఒరిగి నిజంగ ఏడుస్తున్న, రాగం లేదు, వరుస లేదు. గప్పుడు పెద్దనాయిన తువ్వాల దులిపిండు. "తమ్మీ, ముందుగాల గట్టు రెండడుగులు ఎనుకకు జరుపు, తర్వాత పిల్ల సంగతి మాట్లాడు. నాట్ల ఆడోళ్ళు నాకు అప్పజెప్పిన్రు గది నన్ను ఏమని ఏడ్సిందో. జామపండు దాసిపెట్టినని గూడ యాదున్నది దానికి! సచ్చినంక ఎంత మంచిగ ఏడ్సినా ఏం లాభంరా, ఇనరాదు. నేను బతికుండంగ ఇన్న" అన్నడు. ఆయన కండ్లల్ల నీళ్ళు తిరిగినయ్. నాయిన అవ్వ దిక్కు సూసిండు. మా ఇంట్ల ఆఖరి మాట ఆమెదే.

అవ్వ అరుగు మీద కాళ్ళు సాపుకొని ఎల్లెలుకల పండుకున్నది, రెండు చేతులు పొట్ట మీద పెట్టుకొని కండ్లు మూసింది. "ఏదీ, నాకు గూడ ఏడువు. నచ్చితే పోనిస్త, నచ్చకుంటే రేపు మిషిని కాడ కూసోవాలె" అన్నది. అమ్మ "అశుభమే" అని అడ్డం వస్తె కసిరింది. ఇగ ఏం జెయ్యాలె? కూసోని పిలిసిన. ఆమె కొంగు పట్టుకొని సావుల పొంటి తిరిగింది జెప్పిన. రొట్టె మీద ఎవలికి తెల్వకుంట నెయ్యి రాసిచ్చింది జెప్పిన. నడుమల ఒక కన్ను తెరిసి "నా పచ్చిపులుసు జెప్పకపోతివి" అన్నది. పచ్చిపులుసు గూడ కలిపిన. ఆఖరుకు తిట్టాలె గదా. "రైక సంగతి తెల్సి గూడ నన్ను మూన్నెల్లు బుగులుపెట్టి సంపితివి అవ్వా, నీ కడుపు సల్లగుండ, గిట్ల నవ్వుకుంట పోతివా అవ్వా" అనంగనే ఆమెకు నవ్వు ఆగలే, లేసి కూసున్నది. "పోనీరా దీన్ని" అన్నది నాయినతోని. గంతే. తెల్లారి నాయినే మేడ్చల్ బస్టాండు దాక తీస్కొచ్చి, టోపీ సారుకు అప్పజెప్పి, "పొద్దు గూకకముందు తోలియ్యాలె" అన్నడు. వచ్చేటప్పుడు పార పట్టుకొని గట్టు కాడికి పోయిండట. సీరియల్ల నా ఏడ్పు వచ్చింది, ఎనుకకెళ్ళి నాయిన గట్టు మాట గూడ వచ్చింది. ఊరంత మల్లొకసారి ఇన్నది, పాపం.

కొన్నేండ్లకు అవ్వ నిజంగనే పోయింది. అందరు నా దిక్కు సూస్తున్నరు, టీవీల ఏడ్సేటామె వచ్చిందని జాగ గూడ ఇచ్చిన్రు. నాకు నోట్లకెళ్ళి ఒక్క మాట రాలే. "సీరియల్ల గంత ఏడుస్తది, సొంత అవ్వకు ఏడ్వనీకి వస్తలేదు సూడు" అని ఎవలో అన్నరు. ఏమని జెప్పాలె వాళ్ళకు? చెప్పాల్సింది అంత ఆమె ఎప్పుడో ఇన్నది, పచ్చిపులుసుతోని సహా.

ఇప్పుడు నాకు అవ్వ ఏషాలు వస్తున్నయ్. మొన్నామధ్య నన్నే శవం జేసిన్రు. కండ్లు మూసుకొని పండుకున్న, మనుమరాలి ఏషం ఏసిన పోరి, ఇరవై ఏండ్లు గూడ ఉండయ్, మొకానికి చేతులడ్డం పెట్టుకొని భుజాలు ఊపుతాంది. ఒక టేకు ఓర్సుకున్న, రెండు టేకులు ఓర్సుకున్న. మూడో టేకుల ఇగ నాతోని గాలే. "బిడ్డా, మొదలు పిలువాలె. నడుమ పొగడాలె. ఆఖరుకు తిట్టు" అన్న. "మేడం, మీరు చచ్చిపోయారు" అన్నడు డైరెక్టరు, పిల్లగాడు. చచ్చినదాన్ని గనుకనే జెప్తున్న, నాకు ఇనవడాలె అన్న. ఆ పోరి జెరసేపు ఆలోచన జేసి, నా చెయ్యి పట్టుకొని "ఓ నానమ్మా" అని పిలిసింది. షూటింగుల నా డబ్బల పప్పుబువ్వ సగం నేను ఆమెకే పెట్టేదాన్నని జెప్పింది. చలికి నా శాలువ తీసిచ్చిన్నని జెప్పింది. ఇగ తిట్టుడు మొదలువెట్టింది, డైలాగు మర్సిపోతే అందరి ముందట నెత్తి మీద మొట్టికాయ ఏస్తివి నానమ్మా, గిప్పుడు ఎవలు ఏస్తరు నానమ్మా అని. కండ్లు గట్టిగ మూసుకున్న, పండ్లు బిగవట్టుకున్న, లాభం లేకపాయె. "కట్, కట్! శవం నవ్వుతోంది!" అని ఒర్రిండు డైరెక్టరు. నేను మాత్రం కండ్లు తెరువలే, ఆ పోరి ఇంక తిడుతనే ఉండె.